ఎవరూ కాదనని గ్రామసభ

మా తోటికోడలికి పొలం లేదు. ఇంద్రావతి ఉంది. వానలు వెనకబట్టి నది సన్నబడ్డాక బయటపడే ఇసుక మేటలో గుంతలు తీసి, పెంట ఎరువు నింపి, పుచ్చ, దోస, బీర పెడుతుంది. ఎండలు ముదరకముందే ఆ కాయలు భోపాల్‌పట్నం బజారుకు వస్తాయి. మా బావగారు పోయినప్పటి నుంచి ఆ ఇంటి తిండి అక్కడిదే. పట్టా అడిగితే నవ్వుతారు, నదికి పట్టా ఏమిటని. కాగితాల ప్రకారం ఆమె సాగు చేసే చోటు లేనే లేదు. ఆ లేని చోటు మీదే మొన్న కార్తీకంలో గ్రామసభ పెట్టారు, నది ఇసుక తవ్వి తోలుకుపోయే ఖదాన్‌కు ఊరు ఒప్పుకుంటుందో లేదో తేల్చడానికి.

నేను ఉండేది భోపాల్‌పట్నంలో. ఓటు మాత్రం అత్తగారి ఊళ్ళోనే. పెళ్ళికి ముందు తెలంగాణ వైపు రాజనీతి శాస్త్రం డిగ్రీ చదివాను. అత్తింట్లో ఆ చదువుకు ఇంతవరకు దొరికిన ఉపయోగం ఒక్కటే: గొడవ వస్తే నన్ను పిలుస్తారు. సభకు ముందురోజు అక్క ఫోన్ చేసింది. తోటికోడల్ని నేను అక్కా అనే పిలుస్తాను.

"రేపు సర్కారు దఫ్తర్ నుంచి సాహెబ్ వస్తుండట. నువ్వు రా."

"వస్తగానీ, నువ్వేం మాట్లాడుతవో చెప్పు."

"నేనేం మాట్లాడుత? కూసుంట."

"కూసుంటె గాదక్కా. లేచి నాకు ఇష్టం లేదనాలె. హిందీల అను."

"ఊరికొచ్చిన మనిషి మొఖం మీద వద్దని ఎట్లంటరు? ఏం చదువులో ఏందో నీయి."

మా ఊళ్ళో దొర్లా ఆదివాసుల ఇళ్ళయినా తెలుగు ఇళ్ళయినా పద్ధతి ఒకటే. సభలో ఎవరూ నోటితో కాదనరు. ఇష్టమైనవాళ్ళు లేచి నిలబడతారు. ఇష్టం లేనివాళ్ళు నేల చూస్తూ కూర్చుంటారు. అందరూ లేచేదాకానో, లేచినవాళ్ళు మనసు మార్చుకుని కూర్చునేదాకానో విషయం తెగదు. మళ్ళీ మళ్ళీ మాట్లాడుకుంటారు. కొన్ని సంగతులు అలా నానీ నానీ ఎవరికీ అక్కర్లేకుండా పోతాయి. దఫ్తర్ పద్ధతి దీనికి సరిగ్గా తలకిందులు. అభ్యంతరం ఉన్నవాళ్ళు చెప్పండంటారు. కాసేపు ఆగుతారు. ఎవరూ చెప్పలేదు కనుక అందరూ ఒప్పుకున్నారని రాసుకుంటారు. పక్క ఊరి గుట్ట అలాగే ఖదాన్‌కు పోయింది. ఆ ఊరివాళ్ళను అడిగి చూడండి, మేం వద్దన్నాం అనే అంటారు. వాళ్ళు అబద్ధం చెప్పడం లేదు.

సభ బడి ఆవరణలో. సాహెబ్ కుర్చీలో ఉన్నాడు. ఊరి పెద్ద పటేల్ తాత అందరితో పాటు నేల మీద ఉన్నాడు. గేటు బయట సాహెబ్ వెంట వచ్చిన జవాన్లు తుపాకులతో నిలబడ్డారు. మా మరిది తన దోస్తులతో ముందు వరుసలో కూర్చున్నాడు. ఖదాన్ వస్తే ట్రాక్టర్ పని ఇప్పిస్తానని దాన్ని గుత్తకు పట్టబోయే ఠేకేదార్ అతనికి మాటిచ్చిన సంగతి ఊరంతటికీ తెలుసు.

"సాహెబ్, ఇవాళ సభాపతి ఎవరు?" అన్నాను హిందీలో.

"మీ పటేల్."

"మరి కుర్చీ ఆయనది కదా?"

వెనక నవ్వులు. సాహెబ్ ముఖం ముడుచుకుని లేవబోయాడు. ఈలోగా పటేల్ తాతే అడ్డుపడ్డాడు. "నాకెందుకు బిడ్డా కుర్చీ? నడుము వట్టేస్తది." రాజ్యాంగం మొత్తం నా వైపు ఉన్నా, తాత నడుము ముందు నా వాదన నిలవలేదు.

సాహెబ్ ఖదాన్ ప్రస్తావ్, అంటే తీర్మానం, చదివాడు. అభ్యంతరాలు ఉన్నాయా అని అడిగాడు. ఎవరూ కదల్లేదు. తలలన్నీ నేలకు వంగాయి. అక్క కొంగు చివర పిడికిట్లో బిగించి కూర్చుంది. ఆమె వేలి కణుపులు తెల్లబడటం నాకు కనిపిస్తోంది. లే అక్కా, ఒక్క మాట అను, అని లోపల్లోపల అరుస్తున్నాను. సాహెబ్ గడియారం చూసుకున్నాడు. పెన్ను మూత తీశాడు.

"రాయకండి సాహెబ్," అని లేచాను.

"మీకు అభ్యంతరమా? సరే, ఒకరి అభ్యంతరం అని రాస్తాను."

"నా ఒక్కదానిది కాదు. వీళ్ళందరిదీ రాయండి."

"వీళ్ళు మాట్లాడనే లేదు కదా."

"వద్దనడం ఇక్కడ ఇలాగే ఉంటుంది. ఊరి ఆచారాన్ని కాపాడుకునే హక్కు గ్రామసభకు ఉందని మీ చట్టమే అంటోంది. కావాలంటే చదివి వినిపించండి."

సాహెబ్ పెన్ను పక్కన పెట్టాడు. నన్ను తేరిపార చూశాడు. "ఈ మాటలన్నీ మీకు ఎవరు నేర్పారు?"

మా వైపు అది మామూలు ప్రశ్న కాదు, అడవిలోని అన్నలు నేర్పారా అని అడిగినట్టు. దానికి జవాబు సరిగ్గా కుదరనివాళ్ళు ఎన్నిసార్లు పోలీసు క్యాంపుకు తిరగాలో ఎవరూ చెప్పలేరు. గేటు దగ్గర ఒక జవాను ఇటు తిరిగాడు.

"సర్కారు కాలేజీలో నేర్పారు సాహెబ్," అన్నాను. "స్కాలర్‌షిప్ కూడా ఇచ్చారు."

నిజానికి కాలేజీలో ఇది నేర్పలేదు. పెద్ద చేప చిన్న చేపను మింగకుండా చూడటానికే రాజు అవసరమయ్యాడని మొదటి ఏడాది చెప్పారు. ప్రాచీన గణాల్లో పుల్లలు పంచి అభిప్రాయాలు తెలుసుకునేవారని చెప్పారు. జనపదం అంటే ఏమిటో పరీక్షలో పేజీలు నింపి వచ్చాను. ఇక్కడికొచ్చాక చూస్తే, జనపద్ అంటే సంతకం కోసం పొద్దంతా వరుసలో నిలబెట్టే ఆఫీసు. ఎవడు పాలించాలి, ఎందుకు పాలించాలి అని అంత చదివాను గానీ, వద్దనేవాడు ఎలా వద్దంటాడో ఏ పాఠంలోనూ లేదు. అది లేని రాజనీతి ఏం రాజనీతి? చేపలకు తెలియకుండా చేపల కోసం రాసుకున్నది.

"ప్రశ్న తిప్పి అడగండి," అన్నాను. "ఒప్పుకున్నవాళ్ళను లేవమనండి."

సాహెబ్ పటేల్ తాత వైపు చూశాడు. "మా దగ్గర అట్లనే అడుగుతరు," అన్నాడు తాత.

సాహెబ్ అడిగాడు. ముందు మా మరిది లేచాడు. అతని వెనక దోస్తులు లేచారు. ఆ వెనక ఇంకొందరు, నేను అనుకోనివాళ్ళు, ఒకరి ముఖం ఒకరు చూసుకుంటూ లేచారు. అక్క మొదటిసారి తలెత్తి చూసింది.

"వదినా," అన్నాడు మరిది అక్కతో. "రెండేండ్లు ఇసుక తోలితే ట్రాక్టర్ నాదైతది. నిన్ను నేను సాకుత."

"సాకుతవు లే," అంది అక్క. కొంగు వదిలేసి, మఠం వేసుకుని ఇంకా గట్టిగా కూర్చుంది.

"లెక్కపెట్టండి," అన్నాను సాహెబ్‌తో. ఆయన లెక్కపెట్టాడు, నమ్మకం కుదరక ఇంకోసారి లెక్కపెట్టాడు. కూర్చున్నవాళ్ళే ఎక్కువ. ప్రస్తావ్ నామంజూర్ అని రాసి, జీపెక్కి వెళ్ళిపోయాడు. మరిది, దోస్తులు ఎవరితోనూ మాట్లాడకుండా బండ్లు తీశారు.

నేను గెలిచిన మొహంతో పటేల్ తాత దగ్గరకు వెళ్ళాను. ఆయన నా వైపు చూడలేదు.

"ఎందుకు లెక్కవెట్టిపిచ్చినవు కోడలా?"

"లెక్కపెట్టకపోతే ఖదాన్ వచ్చేది తాతా."

"వచ్చేదే. కాదంటలేను. గానీ లేచినోళ్ళను మళ్ళ కూసోబెట్టుకునేదాక మనం ఇండ్లకు పోం. ఇయ్యాల వాళ్ళు నిలబడే పోయిన్రు."

నేను చేసింది తప్పని ఇప్పటికీ అనను. అక్క ఇసుక మేట ఆమెకు దక్కింది. తాత మాట గుర్తొచ్చినప్పుడల్లా మాత్రం నాకు ఇంకా ఒళ్ళు మండుతూనే ఉంది.

ఆ వారంలోనే అక్క మళ్ళీ ఫోన్ చేసింది. నదికి రమ్మంది. గుంతలు తీసి, గింజలు పెట్టి ఉంది. పందులు రాకుండా చుట్టూ కంచె వేయాలి. ఏటా గుంజలు పాతేది మరిదేనట.

"పొద్దుగాల వాని ఇంటికి పోయిన," అంది అక్క. "లోపలుండి లేనని చెప్పిచ్చిండు."

"నేను పోయి మాట్లాడనా?"

"నువ్వా? నువ్వు మాట్లాడితే ఇంకో గ్రామసభ వెట్టాలె. ఈ గుంజ వట్టు."

పట్టుకున్నాను. ఆమె పెద్ద రాయి ఎత్తి గుంజ తల మీద కొట్టింది. తడి ఇసుకలో అది ఒక పక్కకు ఒరిగింది.

"సక్కగ వట్టు," అంది. మళ్ళీ రాయి ఎత్తింది.