పలుపు కోసం వెళ్లిన మనిషి

ఈమధ్య మా అమ్మాయి ఫోన్లో ఒకావిడ మూగజీవాల హక్కుల గురించి మాట్లాడుతుంటే నేనూ విన్నాను. ఆవిడ చెప్పిందంతా న్యాయమే. కానీ వింటున్నంతసేపూ నాకు మా ముసలి ఎద్దు పలుపే గుర్తొచ్చింది.

వెల్దుర్తి దగ్గర మాది మెట్ట సేద్యం. ట్రాక్టరు కొన్నాక మా ఆయనకు ఎద్దుల మీద మోజు తగ్గింది. జతలో ఒకటి పోయింది. రెండోది ముసలిదై కొట్టంలో పడుకుని ఉండేది. ఊరికే మేపడం దేనికి, అమ్మేద్దామన్నాడు. బేరగాడి చేతిలో పడితే అది ఎక్కడికి పోతుందో ఇంట్లో అందరికీ తెలుసు. కబేళా అన్న మాట మాత్రం ఎవరూ పైకి అనలేదు. నేను మొహం మాడ్చుకుని తిరిగాను. ఊరి తగాదాలన్నీ తీర్చే పెద్దమనిషి, పెళ్లాం మొహం చూసి మనసు మార్చుకుంటాడా? మా అత్త కూడా కొడుకును పల్లెత్తు మాట అనలేదు. ఆమె మీద ఇంకా ఎక్కువ కోపమొచ్చింది నాకు.

మా వైపు గొడ్డును అమ్మితే పలుపు ఇవ్వరు. దాని మెడలో ఉన్న మన తాడు విప్పుకుని, కొన్నవాళ్ల తాడు కట్టి పంపుతారు. పలుపు పోతే కొట్టం కలిసిరాదని నమ్మకం. మా ఇంట్లో ఆ తాడు మార్చే పని ఎప్పుడూ మా అత్తదే.

బేరగాడు వచ్చిన పొద్దున మా ఆయన పార్టీ మీటింగు తొందరలో ఉన్నాడు. బేరగాడు తన నీలం నైలాన్ తాడును మా అత్త చేతిలో పెట్టి లారీ దగ్గరికి పోయాడు. ఆమె కొట్టంలోకి వెళ్లింది. కాసేపటికి బయటికొచ్చి, తోలుకుపొమ్మని అతని మనుషులకు చెప్పింది. నేను చూడలేక వంటింట్లోకి పోయాను.

మధ్యాహ్నం మా ఆయన అన్నానికి వచ్చేసరికి ఆమె కొట్టంలో మేత వేసే ఖాళీ గాడి పక్కన కూర్చుని ఉంది.

"ఒరేయ్, మన పలుపు దాంతో పాటే పోయిందిరా. మరిచా. అది వచ్చిందాకా నేను ముద్ద ముట్టను."

తాడే కదా, కొత్తది కొందామని ఆయన ఎంత చెప్పినా వినలేదు. సణుక్కుంటూ బండి తీశాడు.

పిడుగురాళ్ల దగ్గర టీ కొట్టు ముందు లారీ దొరికిందట. గొడ్లకు మెడ తిప్పుకునే చోటు కూడా లేదట. మాది లోపల చివర ఇరుక్కుని ఉంది. పలుపు విప్పాలంటే అన్నిటినీ దించక తప్పలేదు. తీరా ఈయన ముడి మీద చెయ్యి వేస్తే, కాడి ఎత్తుతున్నాడనుకుని అది మెడ వంచి నిలబడిందట. ఈ సంగతులన్నీ చానాళ్లకు గానీ నాకు చెప్పలేదు.

పొద్దుగూకే వేళ మా వాకిట్లో ట్రాలీ ఆటో ఆగింది. పలుపు వచ్చింది, పలుపు వెంట ఎద్దూ వచ్చింది. బేరం రద్దు చేసుకొచ్చాడు. మా ఆయన ఎవరి మొహమూ చూడకుండా అన్నాడు:

"ముడి బిగుసుకుపోయిందమ్మా. ఎంత లాగినా రాలా."

"పోనీలేరా, కట్టెయ్," అని మా అత్త లేచి చొప్ప తెచ్చి వేసింది. నాకు ఏడుపూ నవ్వూ కలిసి వచ్చాయి. ఆ పూట అందరం కడుపునిండా తిన్నాం.

మర్నాడు ఇల్లు ఊడుస్తుంటే మా అత్త మంచం కింద నీలం నైలాన్ తాడు కనబడింది, శుభ్రంగా చుట్ట చుట్టి. దాన్ని తీసుకుపోయి పెరట్లో దండెం కట్టాను. ఆమె వచ్చి చూసి, తన చీర తెచ్చి దాని మీదే ఆరేసింది.