రెండో బండి ఎవరిదని అడిగితే

మా ముత్తాత మూడు ఊళ్లకు మాలీ పటేల్. రైతుల శిస్తు ఆయన చేతి మీదుగానే సర్కారుకు పోయేది. తాత కాలానికి అది ఒక్క ఊరికి తగ్గింది. అయినా ఆయన వాకిట్లోకి వచ్చేవాళ్లు చెప్పులు చేతిలో పట్టుకునే వచ్చేవాళ్లు. మా నాన్న నాటికి పటేల్‌గిరీ రద్దయింది. భూమి కొంత పంపకాల్లో, కొంత కోర్టుల్లో, చాలావరకు నీళ్లు పడని బోర్లలో పోయింది. పిలుపు మాత్రం పోలేదు. నేను ఊరికి వెళితే పెద్దవాళ్లు కొందరు ఇప్పటికీ 'పటేలా' అనే పిలుస్తారు. అది వినడం నాకు ఇష్టం. ఇష్టమని ఇంతవరకు ఎవరికీ చెప్పలేదు.

గొప్ప చెప్పుకోవడానికి ఇది రాయడం లేదు. ఆరేళ్లుగా నేను మోస్తున్నది ఒకటుంది. అది నా మీదికి ఎక్కడి నుంచి వచ్చిందో చెప్పకపోతే మిగతాది మీకు అర్థం కాదు. మీరెవరో నాకు తెలియదు. నేనెవరో మీకు తెలియదు. అందుకే చెప్పగలుగుతున్నాను.

తార్నాక నుంచి యూనివర్సిటీలోకి వెళ్లే రోడ్డు మీద నాకు దోశల బండి ఉంది. బండి అంటే తోపుడుబండి కాదు. నాలుగు చక్రాల వ్యాను, పక్కకు తెరుచుకునే కిటికీ, లోపల రెండు పెనాలు. చూశారా, ఇక్కడ కూడా ఆ తేడా చెప్పకుండా ఉండలేకపోయాను.

నేను పనిచేసిన కంపెనీ మూతపడ్డాక ఈ బండి పెట్టాను. దోశలు పోయడానికి ఒక మాస్టర్ ఉన్నాడు. నేను ఇస్త్రీ చొక్కా వేసుకుని పది అడుగుల దూరంలో, బస్సు కోసం నిలబడ్డవాడిలా నిలబడేవాడిని. కొత్తగా వచ్చిన పిల్లలు నన్ను కూడా దోశకు వచ్చినవాడే అనుకుని వరసలో ముందుకు వెళ్లమనేవాళ్లు. నేను కాదనేవాడిని కాదు. ఫోన్‌తో డబ్బు కట్టే రోజులు వచ్చాక, ఎవరి ముందూ చేయి చాచనవసరం లేకుండా కిటికీ పక్కన స్కానర్ అట్ట ఒకటి వేలాడదీశాను. కస్టమర్లతో మాట్లాడాల్సి వస్తే మాస్టరే మాట్లాడేవాడు. చట్నీ పలచగా ఉందన్నా, నూనె ఎక్కువైందన్నా నేను చెట్లవైపు చూసేవాడిని.

నా బండికి ఆనుకుని సువార్తమ్మ బండి ఉండేది. ఆమెది ఖమ్మం వైపు పల్లె. ఉండేది వారాసిగూడలో. భర్త లేడు, ఒక్కతే కూతురు. నాకంటే నాలుగేళ్ల ముందు నుంచి ఆమె అక్కడ జొన్నరొట్టెలు, పచ్చిపులుసు, కోడికూర అమ్మేది. నేను మొదటిసారి బండి తెచ్చి ఎక్కడ ఆపాలో తెలియక నిలబడితే, ఆమే తన బండి కొంచెం ముందుకు జరిపి నాకు నీడలో చోటిచ్చింది. మధ్యాహ్నం హాస్టళ్ల నుంచి వచ్చే పిల్లలంతా ముందు ఆమె దగ్గరే ఆగేవాళ్లు. పోటీ పరీక్షలకు చదివేవాళ్లు, ఏళ్ల తరబడి పీహెచ్‌డీ చేస్తున్నవాళ్లు, అందరూ ఆమెను అక్కా అనేవాళ్లు. ఎవరికి కారం పడదో, ఎవరు శనివారం కూర ముట్టరో ఆమెకు తెలుసు. రెండు రోజులు కనబడని పిల్లను మూడో రోజు అడిగేది, జ్వరమొచ్చిందా అని.

నన్ను ఆమె అన్నా అని పిలిచేది. నాకు నచ్చేది కాదు. మా ఊళ్లో ఆ పిలుపుతో నన్ను పిలిచినవాళ్లు లేరు. పైకి అనలేదు, అంతే.

ఒకసారి పిల్లల ముందే అంది: "మా అన్న దోశ గూడ అన్న లెక్కనే. వంచితే ఇరుగుతది గాని వంగదు."

పిల్లలు నవ్వారు. మాస్టర్ కూడా నవ్వాడు. నేనూ కొంచెం నవ్వినట్టే ముఖం పెట్టాను. ఆ మాట చాలా రోజులు గుర్తుండిపోయింది. నేను చేసిన దానికి అది కారణమా అని నన్ను నేను ఎన్నోసార్లు ప్రశ్నించుకున్నాను. కాదు. కారణం అంత చిన్నదైతే బాగుండేది.

రోడ్డు పక్కన తిండి అమ్మేవాళ్లను సర్వే చేసి, కార్డులు ఇచ్చి, కార్డున్నవాళ్లకే మున్సిపాలిటీ చోటు చూపిస్తుందని ఆరేళ్ల కిందట చెప్పుకున్నారు. మా వరసలో ఒక పద్ధతి ఉండేది. ఎవరైనా ఆ పూట లేకపోతే పక్క బండివాళ్లు వాళ్ల పేరు చెప్పాలి. ఎవరూ రాసి పెట్టిన పద్ధతి కాదు. అందరికీ పెళ్లిళ్లు, చావులు, జ్వరాలు ఉంటాయి కాబట్టి అలా ఏర్పడింది. తప్పిన సంగతి నేను వినలేదు.

సర్వే వస్తుందన్న వారంలోనే సువార్తమ్మ కూతురిని నర్సింగ్‌లో చేర్చడానికి ఖమ్మం వెళ్లాల్సి వచ్చింది. వెళ్లే ముందు రోజు బండి మూసి, టార్పాలిన్ కప్పి నా దగ్గరికి వచ్చింది.

"అన్నా, రెండొద్దులు రాను. సర్వేవాళ్లొస్తే నా పేరు చెప్పు. గిదిగో ఆధార్ జిరాక్స్."

నేను ఆ కాగితం మడిచి చొక్కా జేబులో పెట్టుకున్నాను.

సర్వే ఆయన మర్నాడే వచ్చాడు. పట్టపగలు, పదకొండు గంటలప్పుడు. చేతిలో ట్యాబ్. నన్ను చూసి ఆగిపోయాడు. నేనూ గుర్తుపట్టాను. మాది ఒకే ఊరు. ఆయన పేరు మల్లేశం. వాళ్ల నాన్న మా తాత దగ్గర సుంకరి, శిస్తు కట్టమని ఇంటింటికీ కబురు మోసినవాడు. కొడుకు చదువుకుని ఉద్యోగంలో చేరాడని విన్నాను కానీ చూసి ఇరవై ఏళ్లయింది.

"పటేలా, మీరా? గీడ నిలవడ్డరేంది?"

ఆ రోడ్డు మీద ఆ పిలుపు వినడం అదే మొదటిసారి. మాస్టర్ పెనం ముందు నుంచి తల తిప్పి చూశాడు. దోశ తింటున్న ఇద్దరు పిల్లలు చూశారు. నా వెన్ను ఇంకొంచెం నిటారుగా అయిన సంగతి నాకు తెలుస్తూనే ఉంది.

"బండి చూసుకపోదామని వచ్చిన," అన్నాను.

"మీదా? నేనింకా టిఫిన్‌కొచ్చిండ్రనుకున్న."

"నడిపేటోళ్లు వేరే ఉన్నరు. నేను అప్పుడప్పుడు వచ్చి చూస్త."

"గట్లనా. మరి గిదొక్కటేనా?"

ఆయన ఎగతాళి చేయలేదు. ఈ మాట నేను చాలాసార్లు నాకు నేను చెప్పుకోవాల్సి వచ్చింది. సర్వేలో అడగాల్సిన ప్రశ్నే అడిగాడు. నాకే అది వేరేగా వినబడింది. మూడు ఊళ్ల శిస్తు, వాకిట్లో చెప్పులు విడిచిన మనుషులు, ఆ మనుషుల్లో ఈయన తండ్రి, ఇప్పుడు ఈయన ముందు ఒక్క దోశల బండితో నేను. ఇదంతా ఒక్క క్షణంలో తలలో తిరిగింది. టార్పాలిన్ కప్పిన బండి పక్కనే ఉంది.

"అది గూడ మనదే," అన్నాను.

"ఇయాల బందుందేంది మరి?"

"నడిపే ఆమె ఊరికి పోయింది. మన దగ్గర పనిచేస్తది."

"నాకెర్కే పటేలా. మీరు ఒక్క బండి పెట్టుకొని కూసుంటరా." ట్యాబ్‌లో ఏదో నొక్కాడు. "ఒక్క పేరు మీద రెండు ఎక్కవు. రెండోది ఎవరి పేరు మీద రాయాలె?"

ఇక్కడ నేను ఆగి ఉండవచ్చు. 'నవ్వులాటకు అన్న మల్లేశం, అది సువార్తమ్మది' అంటే ఆయన నవ్వి రాసుకునేవాడు. జేబులో ఆమె కాగితం ఉంది. నేను మా ఆవిడ పేరు చెప్పాను.

ఆయన నన్ను రెండు బండ్ల మధ్య నిలబెట్టి ఫోటో తీశాడు. మా ఆవిడ ఆధార్ ఫోటో ఆ పూటకల్లా తన ఫోన్‌కు పంపమన్నాడు. వెళ్లేటప్పుడు దండం పెట్టాడు. నేను తల ఆడించాను, మా తాత ఆడించినట్టే.

నోటి నుంచి వచ్చిన అబద్ధం గురించి నాకు కొంత సాకు ఉంది. అది గర్వం పలికించిన మాట, వెనకా ముందూ చూడకుండా వచ్చింది. కానీ ఆ తర్వాత నేను బౌద్ధనగర్‌లో మా అద్దె ఇంటికి వెళ్లాను. అన్నం తిన్నాను. బీరువా తెరిచి మా ఆవిడ ఆధార్ తీసి, వెలుతురు సరిగా పడేలా కిటికీ దగ్గర పెట్టి, ఒకటి మసకగా వస్తే రెండోసారి ఫోటో తీసి మల్లేశానికి పంపాను. దేనికని మా ఆవిడ అడిగితే గ్యాస్ కనెక్షన్‌కు అన్నాను. దీన్ని ఏమనాలి? అప్పుడు నా ముందు మల్లేశం లేడు. పటేలా అని పిలిచేవాళ్లు లేరు. ఎవరి కోసం పంపాను? గొప్ప చెప్పినవాడు అబద్ధాలకోరని తేలుతుందనే భయంతో పంపాను అనుకునేవాడిని కొంతకాలం. మధ్యాహ్నం పూట ఆమె ముందు ఉండే వరస కూడా నా మనసులో లేదని ఒట్టు వేయగలనా? వేయలేను.

సువార్తమ్మ మూడో రోజు వచ్చింది.

"వచ్చిండ్రా అన్నా?"

"వచ్చిండ్రు."

"నా పేరు చెప్పినవా?"

"చెప్పిన."

"ఆధార్ చూసిండ్రా?"

"చూసిండ్రు."

"మంచిగైంది," అని స్టవ్ వెలిగించింది. కూతురికి సీటు దొరికిందని, హాస్టల్ గదిలో ముగ్గురు ఉంటారని చెప్పింది. నేను విన్నాను. నేను ఆమెతో అంతసేపు మాట్లాడింది ఆ రోజే.

అభ్యంతరాలు ఉంటే చెప్పుకోవడానికి పదిహేను రోజుల గడువిచ్చి ఆఫీసు గోడకు పేర్ల జాబితా అతికించారు. నేను వెళ్లి చూశాను. నా పేరు, కింద మా ఆవిడ పేరు. సువార్తమ్మ చూడటానికి వెళ్లలేదు. ఎందుకు వెళుతుంది? నేను చెప్పానన్నాను కదా. గడువు అయిపోయేదాకా రోజూ పొద్దున బండి దగ్గరికి వస్తూ, ఇవాళ చెబుతాను అనుకునేవాడిని. ఆమె రొట్టెలు తడుతూ ఉండేది. నేను నా దూరంలో నిలబడేవాడిని. ఆ పదిహేను రోజుల్లో నోటి మాటతో సరిపోయేది. తర్వాత సరిపోదని తెలిసి కూడా చెప్పలేదు.

కార్డులు వచ్చాయి. రోడ్డు పక్కన పసుపు రంగుతో చదరాలు గీశారు, ఒక్కో కార్డుకు ఒక్కో చదరం. ఆమె బండిని తీయమన్నారు. పదేళ్లుగా ఇక్కడే ఉన్నానని చెప్పింది. పేరు లేదన్నారు. ఆమె నా దగ్గరికి వచ్చింది. నన్ను అనుమానించి కాదు, సాక్ష్యానికి.

"అన్నా, నువ్వు జరంత ఆఫీసుకొచ్చి చెప్పు. నువ్వు రాయించినవ్ గద. వాళ్లే ఏదో తప్పు జేసిండ్రు."

రేపు వస్తానన్నాను. మర్నాడు ఒంట్లో బాగాలేదన్నాను. ఆ తర్వాత రెండు రోజులు బండి దగ్గరికే వెళ్లలేదు. హాస్టల్ పిల్లలు కొందరు ఆమె వెంట ఆఫీసుకు వెళ్లారట, అర్జీ రాసిచ్చారట. పక్క బండి ఆయన చెప్పాలి కదా అని అక్కడ అడిగారట. పక్క బండి నాదే. మరో పక్క రోడ్డు మలుపు.

బండి తీసుకుపోయే రోజు ఆమె నాతో అంది: "నువ్వేం జేస్తవ్ అన్నా. నువ్వైతే చెప్పినవ్."

ఆమె తిట్టి ఉంటే ఈ ఆరేళ్లు వేరేగా గడిచేవేమో. నన్ను నేను సమర్థించుకోవడానికి ఒక తిట్టయినా దొరికేది. ఆ మాటలో పట్టుకోవడానికి నాకేమీ దొరకలేదు.

కొన్ని వారాలు పిల్లలు అడిగారు, "అంకుల్, అక్క ఏడికి పోయింది?" అని. తెలియదన్నాను. అప్పటికి నిజంగానే తెలియదు. తర్వాత తెలిసింది, మౌలాలిలో గుట్ట కింద రోడ్డు మీద పెట్టిందని. అక్కడ మధ్యాహ్నం జొన్నరొట్టెకు ఆగే మనుషులు లేరు. ఏడాది లోపే బండి మూసేసి ఏదో హాస్టల్ వంటగదిలో వంటకు చేరిందని మాస్టర్ చెప్పాడు. కూతురి చదువు ఏమైందో నేను అడగలేదు. ఆ చదువు పూర్తయిందని తెలిస్తే నా తప్పు కొంచెం చిన్నదవుతుంది, ఆగిందని తెలిస్తే మోయలేనంత అవుతుంది. రెండింటికీ భయపడి అడగడం మానుకున్నాను. ఇప్పుడు ఆలోచిస్తే ఇది కూడా ఆమెకు చేసిన తప్పే.

ఆమె దగ్గరికి వెళ్లి చెప్పవచ్చు. మౌలాలి ఎంత దూరం? ఆ హాస్టల్ ఎక్కడో అడిగితే మాస్టర్ చెబుతాడు. నేను వెళ్లలేదు. వెళతానని ఇక్కడ రాస్తే అది ఇంకో అబద్ధం కావచ్చు. ఆమె ముందు తల దించుకుని నిలబడటం నాకు చేతనవుతుందో కాదో ఈ రోజుకీ తెలియదు. మీకు చెప్పడం ఆమెకు చెప్పడం కాదని కూడా తెలుసు. అయినా ఆరేళ్లలో మొదటిసారి ఆ వాక్యం కాగితం మీద పెట్టాను: ఆ చోటు సువార్తమ్మది, నేను మాదని చెప్పాను. రాశాక కాసేపు చేతులు ఊరికే బల్ల మీద పెట్టుకుని కూర్చున్నాను. దాన్ని తేలిక అనవచ్చేమో. క్షమాపణ అడిగే చోటు ఇది కాదు, ఇచ్చే మనిషి మీరు కాదు.

ఒక్క సంగతి మిగిలింది. మా ఆవిడ పేరు మీద వచ్చిన చదరం ఖాళీగా ఉంచితే కార్డు రద్దు చేస్తామన్నారు. అందులో నిలపడానికి రెండో బండి కొన్నాను. దానికోసం ఊళ్లో మా వాటాకు మిగిలిన ఎకరం పది గుంటలు అమ్మాను.