మనింజావు నీళ్ళు తెల్లబడిన రోజు

మా మనింజావు సరస్సు అగ్నిపర్వతం నోట్లో నిలిచిన నీరు. తొమ్మిదిమంది అన్నదమ్ములు సొంత చెల్లెలి మీద అభాండం వేస్తే ఆమె శాపానికి కొండ పగిలిందనీ, ఆ అన్నదమ్ములే ఇందులో చేపలయ్యారనీ మా ముసలివాళ్ళు చెప్తారు. దర్నీసక్క దాన్ని ఉత్త కథగా ఎప్పుడూ వినలేదు.

ఇరవై ఏళ్ళు ఆమె మోకాలిలోతు నీళ్ళలో గుల్లలు ఏరి, ఉడికించి, బజారులో అమ్మింది. మా దగ్గర ఇల్లూ ఒడ్డూ ఆడవాళ్ళవి, పెత్తనం మేనమామది. ఆమె మేనమామ బస్రీల్ పట్నంలో వ్యాపారం చాలించి వచ్చి, ఆమె గుల్లలేరే రేవులోనే చేపల పెంపకానికి వలబోనులు దించాడు. ఒక నెల బోనుల్లో చేపలు తగ్గాయి. శుక్రవారం నమాజు అయ్యాక, ఊరందరి ముందూ, దొంగ మా దర్నీసేనన్నాడు. ఆనాటి నుంచి ఆమె గంప దగ్గర ఎవరూ ఆగలేదు.

మరుసటి జనవరిలో మూడు రోజులు విడవకుండా వాన, గాలి. నీళ్ళు బియ్యం కడిగినట్టు తెల్లబడ్డాయి. చిరుచేపలు ఒడ్డుకు చేరి నోళ్ళు తెరిచాయి. అడుగునుంచి గంధకం లేస్తోందని దర్నీసక్కకు తెలిసిపోయింది. ఆ పూటే చేపలు పట్టేస్తే దక్కుతాయి.

మధ్యాహ్నం బస్రీల్ ఆమె ఇంటి మెట్ల కింద నిలబడ్డాడు. నేను పక్కనే దాల్చినచెక్క ఎండబెట్టే చాపలు చుడుతున్నాను.

"ఏమ్మా, నీళ్ళ రంగు అదోలా ఉందేంటి?"

"కొండమీది బురద మామా. రేపటికి తేటపడుద్ది."

నేను నోరు తెరవబోతే ఆమె నావైపు చూసింది. మూసుకున్నాను.

తెల్లారేసరికి బోనుల నిండా తెల్లటి పొట్టలు. బస్రీల్ నీళ్ళలో దిగి నిలబడిపోయాడు. దర్నీసక్క ఒడ్డుకు నడిచి వెళ్ళి చెప్పింది:

"బాగా లెక్కెట్టుకో మామా. ఒక్కటి కూడా నేను తియ్యలేదు."

కుళ్ళిన చేపలు ఆమె గుల్లలనూ చంపాయి. రెండేళ్ళు ఆమె నాతోపాటు దాల్చినచెక్క వొలిచింది.

బోనులు పైకి లాగినప్పుడు ఒక వల అడుగున నీటికుక్కలు కొరికిన కంత బయటపడింది. బస్రీల్ మసీదులో తప్పు ఒప్పుకుని, ఆమెకు కొత్త పడవ ఒకటి చెక్కించి పంపాడు. దర్నీసక్క గొడ్డలి తీసుకుని దాన్ని ముక్కలు చేసింది.

"ఇంకా ఎంతకాలమక్కా ఈ పగ?" అన్నాను.

"నన్ను దొంగన్నప్పుడు ఊళ్ళోవాళ్ళంతా విన్నారు. వాళ్ళంతా పోయేదాకా."

పొయ్యిలో ఆ పడవ పచ్చిచెక్క సరిగా మండలేదు, ఇల్లంతా పొగ. దగ్గుతూనే ఆమె ఆ మంటమీద అన్నం వండి, నాకూ పెట్టింది.