చదరంలో పట్టని రాజు

చేవెళ్ళ దగ్గరి మా ఊరి చర్చిలో క్రిస్మస్ నాటకం ఆడిన ప్రతిసారీ క్రూరరాజు వేషం నాదే. మీసాలు నల్లగా ఉన్నప్పుడు ఎక్కిన సింహాసనం, అవి తెల్లబడ్డా దిగలేదు. నా నవ్వు వినిపిస్తే మా పక్కనున్న ప్రొద్దుటూరులో బర్రెలు పాలు ఎగబట్టేవని ప్రతీతి. ఆ ప్రతీతి పుట్టించింది నేనే అయినా, ఇంతవరకూ ఏ బర్రే కాదనలేదు.

నాటకంలో అసలు ఘట్టం రాజు పసిబిడ్డను చంపాలని వెతకడం. వేదిక దిగి, చాపల మీద కూర్చున్న జనం మధ్యకు వెళ్ళి, అట్టకత్తితో ఒక్కొక్క ఒడినీ చూపిస్తూ "పిల్లగాడేడీ" అని గర్జించాలి. తల్లులు చంటిపిల్లలను కొంగుల కింద దాస్తారు. ముందు వరుసలో కూర్చునే ఒక అవ్వ నన్ను తిడుతుంది. ఆ తిట్లు ఏటా కొత్తవే. నాటకం రాసినవాడికి అందులో సగం ప్రతిభ ఉంటే మా పేరు సముద్రాలు దాటేది.

పోయిన క్రిస్మస్‌కు, డిగ్రీ చదువుతున్న మా తమ్ముడి కూతురు ఫోనును స్టాండుకు బిగించి, నాటకాన్ని లైవ్‌లో చూపిస్తానంది. వేదిక మీద సుద్దముక్కతో మంచమంత చదరం గీసింది.

"పెద్దనాయిన, ఇది దాటొద్దు. దాటితే ఫోన్ల కనబడవ్."

"రాజ్యమంత నాదైతే, మంచమంత జాగల తిరగాల్నా బిడ్డా?"

"తిరుగుడే వద్దు. కూసోని చెప్పు. నవ్వు గూడ జర తక్కువ చెయ్, మైకు పగుల్తది."

"మరి పిల్లగాన్ని ఎట్ల దేవులాడాలె?"

"కుర్చీల కూసోనే దేవులాడు. లేకుంటే మా బాపు ఎట్ల చూస్తడు?"

వాళ్ళ బాపు, అంటే మా తమ్ముడు, అజీజ్‌నగర్‌లో ఒక ఫామ్‌హౌస్ వాచ్‌మన్. పండుగ రోజు అక్కడ దావతులు, వీడికి సెలవుండదు. వాడు చూడాలి కదా అని, కూర్చున్నాను.

కూర్చుని చూస్తే ఏమున్నది? అన్నీ వంచిన తలలే. చెయ్యి చాపితే తగిలేంత దూరంలో కొండలాంటి నేనుంటే, జనం తమ ఫోనుల్లో బొటనవేలంత నన్ను చూస్తున్నారు. ఆ బొమ్మ కాస్త ఆలస్యంగా వస్తుందట. నా నవ్వు అయిపోయి చల్లారాక వాళ్ళు జడుసుకుంటున్నారు. చివరికి మా తిట్ల అవ్వ ఒడిలోనూ ఫోనే.

లేచాను. చదరం దాటి, వేదిక దిగి, అవ్వ ఎదుట నిలబడ్డాను. ఆమె ఫోనులో ఖాళీ కుర్చీ కనబడుతోంది.

"రాజు యాడికి పాయెనే?" అని పక్కామెను అడిగింది.

"నీ ముంగటనే ఉన్న అవ్వా. పిల్లగాడేడీ?"

తలెత్తింది. ఫోను కింద పడేసి, పక్కనున్న మునిమనవణ్ణి గుంజి కొంగు కప్పేసింది.

"ఈడ పిల్లలు లేరు. మొయినాబాద్ బస్సెక్కి పోయిన్రు. నీ కిరీటం కాలిపోను, నువ్వు గూడ పో."

తలలన్నీ లేచాయి, కొంగులన్నీ పిల్లల మీదికి విచ్చుకున్నాయి. వెనక్కి చూస్తే, మా పిల్ల ఫోనును స్టాండు నుంచి ఊడబీకి, పళ్ళు నూరుతూ నా వెంట వస్తోంది. రావాలి మరి. రాజు వెంట ఫోను రావాలిగానీ, ఫోను కోసం రాజు కూలబడతాడా?

నాటకం అవగానే తమ్ముడు ఫోన్ చేశాడు.

"బొమ్మ మస్తు ఊగింది అన్నా. సగం సేపు నీ వీపే చూసిన. గని అవ్వ తిట్లన్నీ ఇనబడ్డయ్. నాకు పండుగైపోయింది."

ఈసారి ఇంకాస్త పెద్ద చదరం గీస్తానంటోంది మా పిల్ల. గీయనీ. నేను రాజుగారి అరిగిన చెప్పులకు కొత్త అట్టలు వేయించుకున్నాను.