గోల్ మీద నిమ్మకాయ

ఆ రోజుల్లో మాకు చేతకాని పని ఒకటి ఉంటుందన్న అనుమానమే ఉండేది కాదు. ఉప్మా తప్ప ఇంకేదీ రానివాడు పాతికమందికి బిర్యానీ వండుతానని భుజం మీద తువ్వాలు వేసుకునేవాడు. మంచులో కారు నడపడం తెలియనివాడు "స్టీరింగ్ నాకివ్వండ్రా" అని ముందుసీట్లోకి దూకేవాడు. ఆ ధైర్యం మాకు ఎక్కడినుంచి వచ్చిందో, ఎప్పుడు చెప్పకుండా వెళ్లిపోయిందో నాకిప్పటికీ తెలియదు. కొత్త ఫోన్ కొంటే మా అమ్మాయికి తీరిక దొరికేదాకా దాన్ని పెట్టెలోంచి బయటికి తియ్యని నేను, ఆ రోజుల్లో ఒక అమెరికన్ యూనివర్సిటీ ఐస్ హాకీ జట్టుకు గోల్‌కీపర్‌గా దిగానంటే మీరు నమ్ముతారా? స్కేటింగ్ రాదు. హాకీ రాదు. ఐసు గురించి నాకున్న అనుభవమంతా గోళీసోడా బండి దగ్గర సంపాదించిందే. (మీరు నమ్మకపోయినా నేనేమీ అనుకోను. మా అమ్మాయి పుట్టినప్పటినుంచి వింటోంది, అయినా నమ్మలేదు. "నాన్నా, నువ్వు డ్రైవ్‌వే మీద ఐస్ ఉంటేనే గోడ పట్టుకుని నడుస్తావ్, నువ్వు హాకీ ఆడావా?" అంటుంది.)

మా యూనివర్సిటీ ఇల్లినాయి మధ్యలో, ఎటు చూసినా మొక్కజొన్న చేలే ఉండే ఊళ్లో ఉండేది. అక్కడి హాకీ క్లబ్బుకు చాలా పెద్ద చరిత్రే ఉంది. ఎన్నో ఏళ్ల కిందట ఒక చలికాలం, వ్యవసాయ విభాగం కుర్రాళ్లు కొందరు ఆవుల కొట్టం వెనక ఖాళీస్థలానికి నీళ్లు పెట్టి, తెల్లారేసరికి అది గడ్డకడితే దాని మీద ఆడటం మొదలుపెట్టారట. (ఆవులు చూసేవట. మొదటి ప్రేక్షకులు అవే.) తరవాత పైకప్పున్న ఐసు మైదానం, అదే రింకు, వచ్చింది, కప్పులు గెలిచారు, పేరొచ్చింది. మేం వెళ్లేసరికి మాత్రం ఆ వైభవమంతా కరిగి నీరైపోయింది. యూనివర్సిటీ మొత్తానికి ఫుట్‌బాల్ పిచ్చి. హాకీ మ్యాచ్‌కి ఆటగాళ్ల గర్ల్‌ఫ్రెండ్సూ, వేడి చాక్లెట్ కోసం వచ్చినవాళ్లూ తప్ప ఎవరూ వచ్చేవారు కాదు. ఆ జట్టు కెప్టెన్ మా అపార్ట్‌మెంట్‌లో పైవాటాలో ఉండేవాడు. గుమ్మంలోంచి రావాలంటే తల వంచాల్సినంత మనిషి కావడంతో మేమంతా వాణ్ణి పొడుగ్గాడు అని పిలుచుకునేవాళ్లం. ఆవుల కొట్టం వెనక నీళ్లు పెట్టిన కుర్రాళ్లలో వాళ్ల తాతగారు ఒకరు.

ఆదివారాలు మేం పార్కింగ్ లాట్‌లో టెన్నిస్ బంతితో క్రికెట్ ఆడేవాళ్లం. చెత్తడబ్బా వికెట్లు, నేను వికెట్‌కీపర్‌ని. చిన్నప్పటినుంచీ నాది అదే ఉద్యోగం. వికెట్ల వెనక గొంతుక్కూర్చుని, మోకాళ్లు రెండు పక్కలకీ పెట్టి, రెండు చేతులూ దోసిలి పట్టినట్టు ముందుకి చాపి, తల కాస్త ఎడమకి వంచి కూర్చుంటే బంతి ఎటు ఎగిరినా వదిలేవాణ్ణి కాదు. ఒక ఆదివారం అలాగే తారు మీద దూకి మోచెయ్యి గీరుకుపోయినా సరే బంతి పట్టుకుని లేస్తుంటే పైనుంచి పొడుగ్గాడు మెట్లు దిగి పరిగెత్తుకుంటూ వచ్చాడు. వాడు అన్నవన్నీ ఇంగ్లీషులోనే అన్నాడు, నేను మన భాషలో చెబుతున్నాను. "శనివారం మధ్యాహ్నం ఖాళీనా?" అన్నాడు. వాళ్ల గోల్‌కీపర్ భుజం జారి ఆస్పత్రిలో ఉన్నాడు. ఆ పని చెయ్యడానికి ఇంకో మనిషి లేడు. మనుషులు చాలక ఆ సీజన్లో అప్పటికే మ్యాచ్‌లు ఎగ్గొట్టారు. ఇంకొక్కటి ఎగ్గొడితే క్లబ్బు మూసేస్తామని క్రీడల ఆఫీసువాళ్లు చెప్పేశారు. "ఓడిపోయినా ఫరవాలేదు. గోల్ ముందు మొదటినుంచి చివరిదాకా ఒక మనిషి ఉండాలి. మధ్యలో వెళ్లిపోతే ఎగ్గొట్టినట్టే లెక్క. మా తాత మొదలుపెట్టింది నా చేతుల్లో పోకూడదు" అన్నాడు. అంత ఎత్తు మనిషి కళ్లలో నీళ్లు తిరగడం నేను చూడలేకపోయాను.

"నాకు స్కేటింగ్ రాదు" అన్నాను.

"గోల్‌కీపర్ ఎక్కడికీ వెళ్లక్కర్లేదు" అన్నాడు వాడు. తరవాత ఇంకో మాట కూడా అన్నాడు, అసలు నేను పడిపోయింది ఆ మాటకి. "జట్టు జాకెట్ ఇస్తాం."

ఆ జాకెట్ గురించి మీకు చెప్పాలి. ముదురాకుపచ్చ రంగు, తోలు చేతులు, గుండె మీద బంగారు రంగు అక్షరం. అది వేసుకుని నడిచేవాళ్లని చూస్తే లైబ్రరీలో అమ్మాయిలు పుస్తకంలోంచి తల ఎత్తేవాళ్లు. నేను వేసుకునేది మా మావయ్య ఇచ్చిన కోటు, దాన్ని చూస్తే ఎవరూ తల ఎత్తేవాళ్లు కాదు. ఒప్పేసుకున్నాను.

వారం రోజులు సాయంత్రాలు నేర్పించారు. పడిపోకుండా పట్టుకోవడానికి ప్లాస్టిక్ పెంగ్విన్ బొమ్మలుంటాయి, పిల్లలవి. నేనూ ఒక పెంగ్విన్ని వాటేసుకుని రింకు చుట్టూ తిరిగాను. బడికి కూడా వెళ్లని ఒక పాప సర్రున నా పక్కకి వచ్చి, జాలిగా చూసి, తన పెంగ్విన్ కూడా నాకు ఇచ్చేసి వెళ్లిపోయింది. నేను పడ్డ ప్రతిసారీ పొడుగ్గాడు చెయ్యి అందించి "గెటప్, కీపర్!" అనేవాడు. ఆ వారం నేను విన్న ఇంగ్లీషంతా దాదాపు అదే. జట్టుకు నా పేరు కూడా తెలియదు, అందరికీ కీపర్‌నే. ఇంటికి ఫోన్ చేసి హాకీ ఆడుతున్నానని చెబితే మా అమ్మ "ఎండలో ఎక్కువ తిరగకు నాన్నా, నల్లబడిపోతావ్" అంది.

శనివారం వచ్చింది. ఇక్కడ మా రూమ్మేట్ని పరిచయం చెయ్యాలి. కరీంనగర్ మనిషి, కంప్యూటర్ సైన్స్. వాణ్ణి మేం పంతులు అనేవాళ్లం. వాడు పంతులేమీ కాదు గానీ, అపార్ట్‌మెంట్‌లో ఎవరు ఏం కొన్నా వాడి చేతిమీదుగా బొట్టు పెట్టించుకోవాల్సిందే. సెకండ్‌హ్యాండ్ కరోలాకి కొబ్బరికాయ కొట్టాడు. రైస్ కుక్కర్‌కి పసుపు రాశాడు. ఆ రోజు నేను కాళ్లకి పరుపులంత ప్యాడ్లూ, ముఖానికి ఇనప ఊచల ముసుగూ కట్టుకుని రింకు తలుపు దగ్గర నిలబడేసరికి, పంతులు జేబులోంచి నిమ్మకాయలు తీశాడు.

"ఒరే, వద్దురా. అందరూ చూస్తున్నారు" అన్నాను.

"నువ్ ఊకోరా బై. బండి టైర్లకే పెడ్తం గద. నువ్వు రెండు కత్తులు కాళ్లకు కట్టుకోని పోతున్నవ్, నిమ్మకాయ పెట్టకపోతె ఎట్ల? తొక్కు" అన్నాడు.

తొక్కాను. కారు టైరు కింద నిమ్మకాయ చితుకుతుంది, అంతే. స్కేటు కింద అది కత్తిపెట్టి కోసినట్టు రెండు చెక్కలైపోయింది. పంతులు మొహం వెలిగిపోయింది. "గిది అసలైన వాహనం" అన్నాడు. రిఫరీ జారుకుంటూ వచ్చి ఇదేమిటని అడిగాడు. "సేఫ్టీ ఇన్‌స్పెక్షన్ సర్" అన్నాడు పంతులు, కనురెప్ప కూడా ఆర్పకుండా. రిఫరీకి ఇంకేం అడగాలో తెలిసినట్టు లేదు. గోల్ వల పైన కీపర్లు నీళ్లసీసా పెట్టుకుంటారు. నా సీసా పక్కన పంతులు పొడుగ్గాడి చేత ఇంకో నిమ్మకాయ పెట్టించాడు, దిష్టికి. బిర్యానీ ఆశ చూపించి వాడు పట్టుకొచ్చిన మన కుర్రాళ్లు అప్పటికే సగం గ్యాలరీ నింపేశారు.

మ్యాచ్ గురించి గొప్పగా చెప్పడానికేమీ లేదు. అవతలివాళ్లు నిజంగా హాకీ ఆడేవాళ్లు. బంతికి బదులు వాడే ఆ నల్లరబ్బరు బిళ్ల ఎటునుంచి వస్తోందో నాకు కనిపించేది కాదు. వెనకాల వల కదిలితే గోల్ అయిందని తెలుసుకునేవాణ్ణి. స్కోరు రెండంకెలు దాటాక మావాళ్లు బోర్డు వైపు చూడటం మానేశారు. మధ్యలో విరామానికి బెంచీ మీద కూలబడి చూసుకుంటే ఒంటి మీద కందిపోని చోటు లేదు. "నావల్ల కాదు, నేను వెళ్లిపోతాను" అన్నాను. నిజంగానే వెళ్లిపోదామనుకున్నాను. పొడుగ్గాడు నా పక్కన కూర్చుని, పైన వేలాడుతున్న పాత జెండాల వైపు చూస్తూ, ఊడిపోయిన నా ప్యాడ్ పట్టీని మెల్లగా కట్టాడు. కట్టడం పూర్తయ్యేసరికి నేను మళ్లీ లేచి నిలబడ్డాను. భయం పోలేదు, చెప్పొద్దూ, ఏడుపు కూడా వచ్చింది. ముసుగు ఉంది కాబట్టి ఎవరూ చూడలేదు.

ఇక అక్కడినుంచి నిలబడటానికి ప్రయత్నించడం మానేసి, నాకు తెలిసిన పని చేశాను. గోల్ ముందు వికెట్‌కీపర్‌లా గొంతుక్కూర్చున్నాను. మోకాళ్లు రెండు పక్కలకీ, చేతులు దోసిలి, తల ఎడమకి. అలాంటి గోల్‌కీపర్ని అవతలివాళ్లెవరూ అంతకుముందు చూడలేదు. వాళ్లలో ఒకడు నవ్వాపుకోలేక కాలుజారి పడ్డాడు కూడా. ఆట ముగియడానికి ఇంకాసేపే ఉందనగా వాళ్లలో భారీ మనిషి ఒకడు బిళ్లని బలంగా కొట్టాడు. అది పైకడ్డీకి తగిలి ఠంగుమంది, వలంతా ఊగింది, దాని మీదున్న నిమ్మకాయ జారి కుడివైపు పడబోయింది. నాకు నల్లబిళ్ల కనిపించలేదు గానీ గాలిలో పచ్చగా గుండ్రంగా ఉన్నది మాత్రం కనిపించింది. పదేళ్ల అలవాటు కదా! ఏం ఆలోచించకుండా కుడివైపు ఎగిరి దాన్ని రెండు చేతుల్తో పట్టుకుని "హౌజట్!" అని అరిచాను. సరిగ్గా అప్పుడే కడ్డీకి తగిలి వెనక్కొచ్చిన బిళ్లని ఇంకొకడు గోల్ వైపు తోశాడు. అది వచ్చి అడ్డంగా పడున్న నా పొట్టకి తగిలి అక్కడే ఆగిపోయింది. ఆ మ్యాచ్ మొత్తంలో నేను ఆపిన బిళ్ల అదొక్కటే, అది కూడా నేను చూడలేదు.

పంతులు ముఠా కుర్చీల మీదకెక్కి "హౌజట్!" అని అరిచింది. ఎందుకో తెలియకపోయినా అమెరికన్లూ అరిచారు. ఆట ముగిసింది. చిత్తుచిత్తుగా ఓడిపోయాం. పొడుగ్గాడు మాత్రం కప్పు గెలిచినవాడిలా నన్ను ఎత్తి తిప్పాడు. క్లబ్బు నిలిచింది. తరవాతి మ్యాచ్‌కి మా వాళ్లతోపాటు ఎవరెవరో తెల్లకుర్రాళ్లు కూడా జేబుల్లో నిమ్మకాయలు వేసుకుని వచ్చి, ఆట మొదలయ్యేముందు ఐసు మీదకి విసిరారు. అప్పటికి అసలు గోల్‌కీపర్ వచ్చేశాడు, నేను బెంచీ దగ్గర తలుపు తీసే ఉద్యోగంలో ఉన్నాను. జాకెట్ ఇచ్చారు గానీ అది ఆ గోల్‌కీపర్‌ది, నాలాంటివాళ్లు ఇద్దరు పడతారు. వేసుకుని ఫొటో పంపితే మా అమ్మ "ఆ దుప్పటి ఎవరిదిరా?" అంది. లైబ్రరీలో అమ్మాయిలు తల ఎత్తారు, నవ్వడానికి.

మొన్న మా అమ్మాయి కాలేజీలు చూసుకుంటూ ఆ యూనివర్సిటీకి కూడా వెళ్దామంది. మేముండే షామ్‌బర్గ్‌నుంచి డ్రైవ్ చేసుకుంటూ వెళ్లాం. యూనివర్సిటీ అంతా తిప్పి చూపించే స్టూడెంట్ గైడు మమ్మల్ని రింకుకి తీసుకెళ్లాడు. కొత్తగా కట్టారు, కార్పెట్లు, అద్దాలు, ఒక గోడ నిండా హాకీ క్లబ్బు చరిత్ర. దుకాణంలో నిమ్మకాయ బొమ్మలున్న టోపీలు అమ్ముతున్నారు. "ప్రతి సీజన్ మొదటి మ్యాచ్‌లో మేం ఐసు మీదకి నిమ్మకాయలు విసురుతాం" అని చెప్పాడు గైడు గర్వంగా. "మొదటి కోచ్ ఆటగాళ్లకి జలుబు చెయ్యకుండా నిమ్మకాయలు పంచేవాడు, అలా మొదలైంది. ఒకసారి నిమ్మకాయ మహిమవల్ల ఓడిపోయే మ్యాచ్ గెలిచాం కూడా." గెలిచామని అంటుంటే కాదనడానికి మనసొప్పలేదు.

మా అమ్మాయి మాత్రం గోడ మీద ఒక ఫొటో దగ్గర ఆగిపోయింది. మా మ్యాచ్‌దే. గోల్ ముందు ఇనప ముసుగు కట్టుకుని ఒకడు, వెనక వల మీద నిమ్మకాయ. మొహం కనిపించదు, కింద పేర్లూ లేవు.

"నాన్నా, వీడు ఎలా కూచున్నాడో చూడు. నువ్వు డిష్‌వాషర్ లోడ్ చేసేప్పుడు కూచుంటావ్ కదా, సేమ్! హెడ్ కూడా లెఫ్ట్‌కే" అంది.

"చెబుతూనే ఉన్నాను కదమ్మా."

"కూచో. ఒకసారి కూచుని చూపించు."

కూర్చున్నాను, ఆ కార్పెట్ మీద, పదిమంది తల్లిదండ్రుల మధ్య. మోకాళ్లు పక్కలకి, చేతులు దోసిలి, తల ఎడమకి. అది ఫొటోని చూసింది, నన్ను చూసింది. రెండు చేతులూ నోటికి అడ్డం పెట్టుకుంది. "ఓ మై గాడ్, నాన్నా, నువ్వే!" అని, గైడు చెయ్యి పట్టుకుని లాక్కొచ్చి "దిస్ ఈజ్ హిమ్, మై డాడ్!" అంది. గైడు మర్యాదగా నావైపు చూశాడు. "సర్, మీకు స్కేటింగ్ వచ్చా?" అని అడిగాడు.

"రాదు, ఎప్పుడూ రాలేదు" అన్నాను నిజాయితీగా.

అతను చిన్నగా నవ్వి, మిగతావాళ్లని తీసుకుని లైబ్రరీ వైపు వెళ్లిపోయాడు. నాకేమీ బాధనిపించలేదు. నమ్మాల్సిన మనిషి నమ్మింది. వాళ్ల వెనకే వెళ్దామని లేవబోతే మోకాళ్లు సహకరించలేదు. అప్పుడు ఐసు మీద లేవలేకపోయేవాణ్ణి, ఇప్పుడు కార్పెట్ మీద కూడా లేవలేను. గోడ మీదనుంచి ఆ ముసుగు కుర్రాడు నన్నే చూస్తున్నట్టనిపించింది, పాపం, వాడికి ముందుముందు ఏం జరగబోతోందో తెలియదు.

మా అమ్మాయి నవ్వుతూ వంగి రెండు చేతులూ చాపింది. "గెటప్, కీపర్" అంది.

నేను ఆ చేతులు పట్టుకుని లేచాను.