గుమ్మఘట్ట బండ మీద గరాటు

చదువు ముగిసిన కొత్తలో ఆకాశం కూడా మన పని కోసమే ఉందనిపిస్తుంది. నాకైతే మరీను. విశ్వం పుట్టినప్పటి వేడి చల్లారి చల్లారి ఇప్పటికీ అన్ని దిక్కులా సన్నగా మిగిలే ఉంది కదా, దాన్ని కొలిచే యాంటెన్నాను జీపులో వేసుకుని గుమ్మఘట్ట దగ్గరి ఓ పల్లెలో దిగాను. చూడ్డానికి పెద్ద రేకు గరాటు, నోరు పైకి. (మా గురువుగారికి అది ప్రాణం, నాకు ఆయనిచ్చిన ఉద్యోగం ప్రాణం. కొలత దొరక్కపోతే రెండూ పోతాయి.) గాలిలో తేమ ఉంటే కొలత చెడుతుంది కాబట్టి కరువు సీమను ఏరుకున్నాం. ఊరి గుట్ట మీది చదును బండపై దాన్ని నిలబెట్టి, మబ్బు రాకూడదని కోరుకుంటూ కూర్చున్నాను.

నాకు అన్నం పెట్టే అవ్వ "ఆ గరాటు ఏంటికమ్మా?" అని అడిగింది. "మబ్బులేని ఆకాశం కావాలవ్వా" అన్నాను గొప్పగా. విత్తనానికి చెనిక్కాయలు ఒలిచి పెట్టుకుని ఊరంతా వాన కోసం చూస్తున్న రోజులవి. అంత బుద్ధితక్కువ మాట అక్కడ ఇంకెవరూ అని ఉండరు. చుట్టుపక్కల గుట్టల మీద కరెంటు కోసం పెట్టిన గాలిమరలు మబ్బుల్ని తరుముతాయని వాళ్ళకు అప్పటికే అనుమానం. పొద్దు వాలకముందే అవ్వ కొడుకు నలుగురిని వెంటేసుకుని గుట్టెక్కాడు.

"ఆ ఫ్యాన్లు చాలవని నువ్వు గూడా వచ్చినావా తల్లీ?"

"ఇది మబ్బుల్ని ఏమీ చేయదన్నా. ఊరికే చూస్తుంది."

"చూసేది పక్కకు జరిగి చూడనీ. రేపు ఆ బండ మీదనే వరదపాయసం పోస్తాండాము."

వాన కోసం బండ మీద పాయసం పోసి, చేతులు వెనక్కి కట్టుకుని నాలుకతో నాకడం అక్కడి ఆచారం. గరాటు జరిపాను. (గురువుగారికి చెప్పలేదు.) ఓ పక్కన నక్కి నిలబడితే అవ్వ వదల్లేదు. "మా కూడు తింటాండావు, మాకోసం వాన అడగవా?" సిగ్గుతో చచ్చాను. వంగి, ముక్కుకు బెల్లం పూసుకుంటూ, నా కొలతకు నేనే ఎసరు పెట్టుకున్నాను. పాయసం మాత్రం చాలా బాగుంది.

ఆ వారంలోనే వాన దంచికొట్టింది. పట్టా కప్పేలోపే పరికరం తడిసి ముద్దయింది. "రీడింగ్ వచ్చిందా?" అని ఫోన్లో గురువుగారు. "వానొచ్చింది సార్" అన్నాను. కింద చేలల్లో జనం తడుస్తూ నవ్వుతున్నారు. ఉద్యోగం పోయిందనుకుంటూనే నేనూ నవ్వాను. "సరే, గరాటు తుడిచి తీసుకురా, చలికాలం మళ్ళీ పోదాం" అన్నాడాయన చివరికి. పోయాం, కొలత దొరికింది.

ఇప్పుడు నేను ఇంకా పెద్ద పరికరాల దగ్గర పనిచేస్తున్నాను. విత్తు రోజుల్లో నిర్మలమైన ఆకాశం చూసి మావాళ్ళు సంబరపడుతుంటే, నేను ఫోన్లో గుమ్మఘట్ట వైపు మబ్బేమైనా పట్టిందా అని వెతుకుతాను. పట్టిందంటే ఆ పూట అన్నం రెండు ముద్దలు ఎక్కువే తింటాను.