దూదినుము

నా చిన్నప్పుడు, భోగాపురం దగ్గర విమానాలు దిగబోతున్నాయని అందరూ చెప్పుకుంటున్న రోజుల్లో, మా చిన్నమావ గరివిడి నుంచి ఒక నల్లరాయి తెచ్చాడు. అక్కడి ఫ్యాక్టరీలో ఆయనకి పని. దసరా సెలవులకి నేను సముద్రం ఒడ్డున ఉన్న మా అమ్మమ్మ ఇంటికి వెళితే, ఆయన కూడా సెలవు పెట్టి వచ్చాడు. ఆ రాయి కొబ్బరికాయంత ఉండేది, ఎండలో గాజులా మెరిసేది. దాని పేరు దూదినుము అని చెప్పాడు.

దూదినుము దేని అడుగున ఉంటే దాని బరువంతా మింగేస్తుందట. పైన ఎంత ఎక్కువ పెడితే అంత తేలికట. లోడు వెయ్యగానే ఎగిరిపోతాయని ఫ్యాక్టరీలో లారీలను తాళ్ళతో కట్టి ఉంచుతారట. షెడ్డుకి రేకులు వేసింది ఎండకి కాదట, జేబులో ముక్క మరిచిపోయిన పనివాళ్ళు ఆకాశంలోకి పోకుండానట. రేపు మన పక్కన దిగే విమానాలకి కూడా అడుగున ఇదే పరుస్తారట. నేను రెండు చేతులా ఎత్తేసరికి ఆయాసం వచ్చి, మరి ఇదే ఇంత బరువుందేమిటని అడిగాను. మావ తడుముకోలేదు.

"అందరి బరువూ అదే మింగితే మరి దానికి బరువుండదేటి, కోడలు పిల్లా?"

దాంతో నాకున్న కాస్త అనుమానమూ పోయింది.

మా అమ్మమ్మ చేపలు అమ్మేది. చీకటితోనే వలల దగ్గర కొన్న చేపలు ఇంటికి తెచ్చి, ఐసు వేసి, గంప నెత్తిన పెట్టుకుని ఇసుకదారిలో ఆటోలు ఆగే రోడ్డుదాకా నడిచేది. సాయంత్రం వాచిన మోకాలికి వేడినూనె రాసుకుంటూ, ఈ కాలు ఇంక నన్ను మొయ్యదని గోడతో చెప్పినట్టు చెప్పుకునేది. చేపలు మానేస్తే ఇల్లు గడవదు. ఆమె గంప ఎత్తే వేళకి మావ చాప మీద గుర్రు పెడుతూ ఉండేవాడు.

మర్నాడు అమ్మమ్మ నీళ్ళు తాగడానికి లోపలికి వెళ్ళినప్పుడు కవళ్ళ చేపలను పక్కకి తోసి రాయిని గంప అడుగున పెట్టాను. ఆమె రాగానే గర్వంగా చెప్పేశాను. అమ్మమ్మ గంప ఎత్తింది. మెడ కొంచెం కిందికి దిగింది. నా మొహం చూసింది, చాప మీది కొడుకుని చూసింది.

"ఒలే గుంటా, గాలిలాగున్నాదే," అంది.

అలా అని ఆ రాయితోనే వెళ్ళిపోయింది. నేను వీధంతా చాటి వచ్చాను. పక్కింటి పిన్ని తన నీళ్ళ బిందెకి చిన్న ముక్క కొట్టి ఇమ్మంది. ఎదురింటి తాత, వాళ్ళ ముసలమ్మని దాని మీద కూర్చోబెడితే ఎంత ఎత్తుకి లేస్తుందో మీ మావని కనుక్కోమన్నాడు.

మధ్యాహ్నం అమ్మమ్మ కుంటుకుంటూ వచ్చింది. ఖాళీ గంపలో రాయి అలాగే ఉంది. దూదినుము ఉండగా కాలెందుకు వాచిందని నేను ఏడుపు మొహం పెట్టాను. ఆమె కాసేపు ఆలోచించి, ముసలి నెత్తి మీద అది సరిగ్గా పనిచెయ్యదేమో, రేపు చూద్దామంది.

మర్నాడు చీకటితోనే అమ్మమ్మ మావ కింద చాప లాగేసింది.

"నువ్వు తెచ్చిన రాయి నా మాట ఇనడం లేదురా. నీ మాటైతే ఇంటాది. ఎత్తు."

మావ ఏదో చెప్పబోయాడు. ఎదురుగా నేను కళ్ళు ఇంతింత చేసుకుని నిలబడి ఉన్నాను. అబద్ధమని నాతో ఒప్పుకోవాలి, లేదా గంప ఎత్తాలి. ఎత్తాడు. ఇసుకలో కాళ్ళు కూరుకుపోతుంటే, ఎలా ఉంది మావా అని పక్కనే పరిగెత్తుతూ అడిగాను. దూదే అన్నాడు, మెడనరాలు పొంగిపోతుండగా. అమ్మమ్మ చేతులూపుకుంటూ ముందు నడిచింది. అంత తేలికైతే నా బిందె కూడా పెట్టుకో అని పక్కింటి పిన్ని గుమ్మంలోంచి అంది.

ఆ తరవాత రోజూ మావే మోశాడు. ఒకరోజు దారిలో గంప దించినప్పుడు చేపల కింద తడిమి చూస్తే అడుగున రాయి లేదు. రాయి మరిచిపోయామని, ఇప్పుడు మావ మెడ విరిగిపోతుందని నేను ఏడుపు లంకించుకున్నాను. మావ ఇసుకలో కూలబడ్డాడు.

"అది ఉత్త రాయేనే కోడలా. నానే తీసి పారేసినాను," అన్నాడు. వాళ్ళమ్మ వైపు తిరిగాడు. "ఇన్నేళ్ళు ఎలాగ మోసినావే?"

అమ్మమ్మ కొంగుతో ఆయన మెడ తుడిచి, ఆటో పోతుంది లెగమంది.

నేను ఆ రోజంతా మావతో మాట్లాడలేదు. అంతకంటే అమ్మమ్మ మీదే కోపం వచ్చింది. రాయి అని తెలిసీ గాలిలా ఉందని ఎందుకన్నావని నిలదీశాను.

"నువ్వు మొయ్యలేక మొయ్యలేక తెచ్చి పెట్టినావు గదే. బరువని ఎలాగ సెప్తాను?"

ఆ ఏడు నుంచి మావ సెలవు దొరికితే ముందురోజు బస్సుకే వచ్చేసేవాడు, పొద్దున్నే గంప అందుకోవడానికి.

అప్పటినుంచీ, సంచి పట్టుకుని నడిచేవాళ్ళెవరైనా బరువు లేదులే అంటే నేను నమ్మను. అడక్కుండానే రెండో పిడి పట్టేసుకుంటాను. మొన్న సంతలో ఒకామె నన్ను దొంగననుకుని సంచి తన వైపు లాక్కుంది. నేనూ వదల్లేదు. ఆమె తిడుతూ, నేను మోస్తూ, బస్సుదాకా కలిసే నడిచాం.